గోడబీరువాలో ఖాతా పుస్తకం



ముప్ఫై నాలుగేళ్ళు శాఖా గ్రంథాలయాల్లో పనిచేసి రిటైరయ్యాను. కొత్త పుస్తకం వచ్చిందంటే రిజిస్టరులో ఎక్కించడం, అట్ట లోపల డేట్ స్లిప్ అంటించడం, వెన్ను మీద నంబరు రాయడం, ఇదీ నా పని. చరిత్ర అయితే 900 వరుస. అందులో మన ప్రాంతపు చరిత్రకు 954.84. వంశచరిత్రలకు 929. తెలుగు సాహిత్యానికి 894.827. ఈ అంకెలు నాకు మా ఇంటి నంబరంత కంఠస్థం. పుస్తకం ఏదైనా సరే, వీటిలో ఏదో ఒక వరుసలోకి వెళ్ళి కూర్చోవాలి. రెండు చోట్ల ఉంచడానికి వీల్లేదు. మా దగ్గరుండేది ఒక్క ప్రతే మరి.

ఈ రోజు నేను మాట్లాడదలచుకున్నది ఆ అంకెలు చెల్లని ఒక బీరువా గురించి. పాండిత్య గ్రంథాలు, ఇంటి చరిత్రలు, నవలలు, ఈ మూడూ ఒకే అరలో ఉంటే ఏం జరుగుతుందో నాకు నేర్పింది ఆ బీరువాయే.

కడప జిల్లాలో మా అత్తగారి ఊళ్ళో, నడవలో గోడకు అమర్చిన బీరువా అది. టేకు తలుపులు, మూడు అరలు. ఒక తలుపు అద్దం ఎప్పుడో పగిలితే అట్టముక్క కొట్టి ఉంచారు. తెరవగానే వసకొమ్ము వాసన వచ్చేది. పురుగు పట్టకుండా మా మామగారు ప్రతి ఉగాదికీ పుస్తకాల వెనక పాత వసకొమ్ములు తీసేసి కొత్తవి పెట్టేవారు, వేపాకు మార్చేవారు. 1977లో నేను కాపరానికి వెళ్ళిన కొత్తలో ఒకరోజు తాళంచెవి నా చేతికిచ్చి, "లైబ్రరీలో పనిచేసే బిడ్డవు గదమ్మా, కొంచెం సర్దు" అన్నారు.

తీసి చూద్దును గదా, బ్రౌను నిఘంటువు పక్కన ఉన్నవవారి మాలపల్లి. దాన్ని ఆనుకుని సురవరం ప్రతాపరెడ్డిగారి ఆంధ్రుల సాంఘిక చరిత్ర. ఆ పక్కన ఏనుగుల వీరాస్వామయ్యగారి కాశీయాత్ర చరిత్ర. తర్వాత మద్దిపట్ల సూరిగారు తెలుగు చేసిన పథేర్ పాంచాలి. పాత పంచాంగాల కట్ట. వీటన్నిటి మధ్యలో ఎర్రగుడ్డ అట్ట వేసిన పొడుగాటి ఖాతా పుస్తకం ఒకటి. నాకు అప్పటికి ఉద్యోగం వచ్చి ఏడాదే అయింది, ఉత్సాహం ఎక్కువ. చరిత్రలన్నీ పై అరలోకి ఎక్కించాను. నవలలు కింది అరలోకి దించాను. ఖాతా పుస్తకానికి ఏ నంబరూ కుదరక, అసలది పుస్తకం కిందకే రాదనుకుని, తీసి ట్రంకుపెట్టెలో వేశాను.

వారం తిరక్కుండా అన్నీ మళ్ళీ ఎక్కడివక్కడికి చేరిపోయాయి. మామగారు కోప్పడలేదు. "ఆ ఖాతా చదవాలంటే పక్కన నిఘంటువుండాలమ్మా. పంచాంగాలుండాల. ఆ చరిత్ర పుస్తకం ఉండాల. చదవతా చదవతా మనసు బాగలేకుంటే నవలొకటి ఉండాల" అన్నారు. ఆ మాట నాకు అప్పుడు అర్థం కాలేదు. ఉద్యోగం నేర్పిన పద్ధతే సరైనదని చాలా ఏళ్ళు నమ్మాను.

ఖాతా రాసింది మా మామగారి నాయన. వీధిబడిలో నాలుగక్షరాలు నేర్చుకున్న రైతు. పుస్తకం ముందువైపు నుంచి శెనక్కాయల లెక్కలు. తిరగేసి వెనకవైపు నుంచి చూస్తే ఇంటి సంగతులు: పుట్టిన వాళ్ళు, పోయిన వాళ్ళు, పెళ్ళిళ్ళు, భాగాలు, బావి తవ్వకం, అప్పు పత్రం తీరిన రోజు. గొలుసుకట్టు రాత. పదానికీ పదానికీ మధ్య ఎడం ఉండదు. ఎక్కడా ఇంగ్లీషు తేదీ లేదు. సంవత్సరం పేరు, మాసం, తిథి, వారం, అంతే.

ఇలాంటి పుస్తకంతో వచ్చే చిక్కు మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. మన సంవత్సరాల పేర్లు అరవై. అరవై ఏళ్ళకొకసారి అదే పేరు మళ్ళీ వస్తుంది. నందన అన్నామంటే అది 1832 కావచ్చు, 1892 కావచ్చు, 1952 కూడా కావచ్చు. ఖాతాలో ఒకచోట "నందనలో నాయన గుంతకల్లు పోయి రైలు చూసి వచ్చినాడు" అని ఉంది. 1832లో మన దేశంలో రైలే లేదు. 1952 నాటికి ఆ నాయన బతికి లేడు. మద్రాసు నుంచి బొంబాయి వెళ్ళే రైలుదారి గుంతకల్లు మీదుగా పడింది 1870ల మొదట్లో. కాబట్టి ఆయన రైలు చూసింది 1892లో. ఇంత చిన్న సంగతి తేల్చడానికి రైల్వేల చరిత్ర ఒకటి, పంచాంగం ఒకటి, ఖాతా ఒకటి, మూడూ ముందు పెట్టుకోవలసి వచ్చింది. తేలిన రోజు నాకు కలిగిన సంతోషం ఇంతా అంతా కాదు. మనసులో ఒక మనిషి స్టేషను కంచె పట్టుకుని నిలబడ్డాడు, ఆయన వెనక ఒక ఏడాది వచ్చి నిలబడింది.

ఇంకో పుటలో ఒక్క వాక్యం ఉంది. "ధాత ఈశ్వరలలో మా అమ్మ పుట్టింట అయిదుగురు." దాని కింద రెండు పేర్లు, రాసినాయన తాతగారిది, మేనమామది. ఆ కింద "ఆడవాండ్లు ముగ్గురు" అని ఉంది. ఇంకేమీ లేదు. పక్క పుటలో ఎద్దు కొన్న సంగతి. ఎంతకు కొన్నారో, ఎవరి దగ్గర కొన్నారో, దాని మచ్చలేమిటో, దాని పేరేమిటో అన్నీ రాసి ఉన్నాయి.

ధాత అంటే 1876-77. ఈశ్వర అంటే 1877-78. మా ప్రాంతంలో పెద్దవాళ్ళు ధాత కరువు అని చెప్పుకునే కరువు ఆ రెండేళ్ళదే. బళ్ళారి, కర్నూలు, కడప జిల్లాలు దారుణంగా దెబ్బతిన్నాయి. అనంతపురం అప్పటికింకా బళ్ళారిలో భాగం, వేరే జిల్లాగా ఏర్పడింది 1882లో. లక్షలమంది పోయారు. ఈ కరువు మీద అప్పట్లోనే విలియం డిగ్బీ అనే పత్రికా సంపాదకుడు ఇంగ్లీషులో రెండు పెద్ద సంపుటాలు రాసి 1878లో అచ్చు వేయించాడు. ఒక కళాశాల గ్రంథాలయంలో కూర్చుని చాలా రోజులు వాటిని చదివాను. వైస్రాయి లిట్టన్ పంపగా వచ్చిన రిచర్డ్ టెంపుల్ అనే అధికారి, కరువు పనులకు వచ్చే మగవాడికి రోజుకు ఒక పౌను గింజలు, దానిపైన కొద్దిపాటి డబ్బు చాలునని కూలి తగ్గించాడు. మద్రాసు ప్రభుత్వంలో ఆరోగ్యశాఖ చూసే కార్నిష్ అనే వైద్యుడు ఈ తిండితో మనిషి పనిచేయలేడని, బతకలేడని గట్టిగా అడ్డం తిరిగాడు. కొన్ని నెలల తర్వాత కూలి కొంత పెంచారు.

ఒక పౌను అంటే దాదాపు 450 గ్రాములు. ఆ రోజు ఇంటికి వచ్చి మా వంటింట్లో జొన్నలు తూచి చూశాను. నా చేతులకు రెండు దోసిళ్ళయ్యాయి. రోజంతా ఎండలో కంకర కొట్టిన మగమనిషికి అది. ఆడవాళ్ళకు అంతకన్నా తక్కువ, పిల్లలకు ఇంకా తక్కువ. ఆ జొన్నల్ని చాటలో పోసి చాలాసేపు చూస్తూ కూర్చున్నాను. డిగ్బీ పుస్తకం లేకపోతే ఆ కొలత నాకు తెలిసేది కాదు. ఖాతా లేకపోతే ఆ కొలత మా ఇంటిదని తెలిసేది కాదు.

పాండిత్యమంటే మనకు ఒక భయం ఉంది. అవి పండితుల కోసం రాసినవి, మనకెందుకులే అనుకుంటాం. నా అనుభవం వేరు. ఆంధ్రుల సాంఘిక చరిత్రను నేను మొదటిసారి చదివింది నిద్రమానుకుని. 1949లో వచ్చిన పుస్తకం. సాహిత్య అకాడమీ తెలుగుకు ఇచ్చిన మొట్టమొదటి బహుమతి, 1955లో, దానికే వచ్చింది. అప్పటికి రెండేళ్ళ క్రితమే సురవరంవారు పోయారు. రాజులు, యుద్ధాలు పక్కన పెట్టి, మామూలు జనం ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, ఏ ఆటలాడారు, దేనికి భయపడ్డారు అని వెతికారాయన. ఎక్కడ వెతికారు? శాసనాల్లో కొంత. ఎక్కువగా కావ్యాల్లో, కల్పిత కథల్లో. క్రీడాభిరామంలో ఇద్దరు మిత్రులు ఓరుగల్లు వీధులు తిరుగుతారు, పూటకూళ్ళ ఇంట్లో రూకకు భోజనం దొరుకుతుంది. కవి అది వినోదం కోసం రాశాడు. సురవరంవారికి అందులో కాకతీయుల నాటి హోటలు, దాని ధర, దాని వడ్డన కనిపించాయి. హంసవింశతి శృంగార కథల పుస్తకమని పక్కన పెట్టేసేవాళ్ళు. ఆయన అందులో వృత్తులవాళ్ళ పనిముట్ల పేర్లు, పిల్లల ఆటల పేర్లు ఏరుకున్నారు.

అంటే కల్పన నుంచి చరిత్ర వచ్చింది. మరి ఈ పుస్తకాన్ని నేను 954లో పెట్టి, అది ఏ కావ్యాల మీద నిలబడిందో ఆ కావ్యాలను హాలుకు ఆ చివర 894లో పెట్టాను. చదువరి దగ్గర ఓపిక ఉంటే రెండింటి మధ్యా నడుస్తాడు. చాలామంది నడవరు. అందుకే నా ఉద్యోగం చివరి రోజుల్లో కౌంటరు పక్కన ఒక చిన్న బల్ల వేసి, ఒక్కో నెల ఒక్కో సంగతి మీద మూడు రకాల పుస్తకాలూ కలిపి పెట్టేదాన్ని. కరువు ఒక నెల, రైలు ఒక నెల, వెట్టి ఒక నెల. రిజిస్టరు లెక్కలకు అడ్డం రాకుండా సాయంత్రానికి ఎక్కడివక్కడ సర్దేసేదాన్ని.

వెట్టి నెలలో ఆ బల్ల మీద ఉండి ఉంటే ఎంత బాగుండేదో అని నేను రిటైరయ్యాక అనుకున్న పుస్తకం ఒకటుంది. మా నాయన బాలయ్య. వై.బి. సత్యనారాయణగారు తమ తండ్రి గురించి, తాత గురించి రాసిన మూడు తరాల చరిత్ర. ఇంగ్లీషులో 2011లో వచ్చింది, తర్వాత తెలుగులో హైదరాబాద్ బుక్ ట్రస్ట్ వేసింది. కరీంనగర్ జిల్లా వంగపల్లిలో ఒక మాదిగ కుటుంబం. ముత్తాతకు నిజాం ఇచ్చిన భూమి కొడుకు చేతికి రావలసిన వేళ దొర చేతికి పోతుంది. ఆ కొడుకు నర్సయ్య ఊరు విడుస్తాడు. రైల్వే పని చూసుకుంటాడు. కుటుంబం స్టేషను నుంచి స్టేషనుకు తిరుగుతుండగా ఆ ఇంట్లో చదువు మొదలవుతుంది. రాసినాయన కళాశాల ప్రిన్సిపాలు అయ్యారు.

ఈ పుస్తకం ఒక్కటే చదివితే ఒక ఇంటి కథ. పక్కన వట్టికోట ఆళ్వారుస్వామిగారి ప్రజల మనిషి, దాశరథి రంగాచార్యగారి చిల్లర దేవుళ్ళు పెట్టుకుని చదవండి. ఆ నవలల్లో దొర గడీ లోపల ఏం జరుగుతుందో కనిపిస్తుంది. బాలయ్య పుస్తకంలో గడీ బయట నిలబడ్డవాడి పక్కన మీరు నిలబడతారు. ఆ రెంటికీ తోడు తెలంగాణ భూముల మీద, వెట్టి మీద పరిశోధకులు రాసింది ఏ కొంచెమైనా చదివితే, నర్సయ్య ఊరు విడిచిపోవడం ఒక్కడి అదృష్టమో దురదృష్టమో కాదని తెలుస్తుంది. ఇంటిచరిత్ర రాసుకునే హక్కు పట్టాలు, పత్రాలు ఉన్నవాళ్ళకే అనుకునే రోజుల్లో, పట్టా పోగొట్టుకున్న ఇంటి నుంచి ఆ పుస్తకం రావడం నాకు చాలా గొప్పగా అనిపిస్తుంది.

పట్టా లేనివాళ్ళకు, రాత రానివాళ్ళకు ఇంటిచరిత్ర లేదా అంటే, ఉంది. అది వాళ్ళ చేతుల్లో కాక ఇంకొకరి నోట్లో ఉండేది. భట్రాజులు వచ్చి వంశం పొగిడేవాళ్ళు. వంశరాజులు, ఒకప్పుడు వాళ్ళను పిచ్చకుంట్లవాళ్ళు అనేవారు, ఇంటింటి ముందు నిలబడి గోత్రం, తరాలు, మూలపురుషుడు ఎక్కడి నుంచి వచ్చాడు అన్నీ పాడేవాళ్ళు. మాదిగలకు డక్కలివాళ్ళు జాంబపురాణం చెప్పేవాళ్ళు. మా ఊరికి వచ్చే ఒక పెద్దాయన వడ్లు కొలిపించుకుని, మా మామగారింటి ఏడు తరాల మగవాళ్ళ పేర్లు ఊపిరి తిప్పుకోకుండా చెప్పడం నేను కళ్ళారా చూశాను. ఆయన తర్వాత ఆ పనికి ఎవరూ రాలేదు.

ఏడు తరాలు అనగానే మీలో చాలామందికి అలెక్స్ హేలీ గుర్తొచ్చి ఉంటాడు. 1976లో అమెరికాలో రూట్స్ వచ్చింది. సహవాసిగారు దాన్ని కుదించి ఏడు తరాలు పేరుతో తెలుగు చేశారు. నేను పనిచేసిన ప్రతి గ్రంథాలయంలోనూ దానికి అట్ట కనీసం రెండుసార్లు మార్చాను. అంతగా నలిగేది. ఆఫ్రికా నుంచి బానిసగా పట్టుకుపోయిన కుంటా కింటే మొదలు తన వరకు హేలీ తన వంశాన్ని వెతుక్కున్నాడు. గాంబియాలో జుఫూరే అనే పల్లెకు వెళ్ళాడు. అక్కడ వంశాలు చెప్పే పెద్దమనిషి, కట్టె కొట్టుకురావడానికి వెళ్ళి తిరిగిరాని కుంటా పేరు చెప్పాడు. చదువుతుంటే మా ఊరి వంశరాజు పెద్దాయన నా కళ్ళకు కట్టాడు.

తర్వాత పరిశోధకులు పత్రాలు తిరగేశారు. కుంటాను తెచ్చిందని హేలీ చెప్పిన ఓడ అమెరికా తీరం చేరింది 1767లో. కుంటాకు యజమాని పెట్టాడన్న టోబీ అనే పేరు, ఆ ఓడ రాకముందే ఆ యజమాని కుటుంబపు లెక్కల్లో కనిపించింది. మరో రచయిత తన నవలలోని భాగాలు వాడుకున్నాడని దావా వేస్తే హేలీ డబ్బు ఇచ్చి రాజీ పడవలసి వచ్చింది. ఇవి చిన్న తప్పులు కావు. నేను వాటిని దాచిపెట్టి ఆ పుస్తకాన్ని ఎవరికీ ఇవ్వలేదు. ఇవన్నీ చెప్పి మరీ, చదవండి అని ఇచ్చాను. ఎందుకంటే ఆ పుస్తకం వచ్చాక లక్షల ఇళ్ళలో, మా ముత్తవ్వ ఎవరు, ఎక్కడి నుంచి వచ్చింది అని పిల్లలు అడగడం మొదలుపెట్టారు. ఓడ తేదీ సరిచూడటం పరిశోధకుడి పని. ఆ ప్రశ్న అడిగించింది మాత్రం కథ.

అయితే ఇంటిచరిత్రను ఊరికే నమ్మేయమని నేను చెప్పడం లేదు. మన కైఫీయత్తులే చూడండి. 1800లో సీమ జిల్లాలు కంపెనీ చేతికి వచ్చాక, కాలిన్ మెకంజీ దొర తన మనుషుల్ని ఊరూరికీ పంపించి గ్రామ చరిత్రలు రాయించాడు. ఏలూరు నుంచి వచ్చిన కావలి సోదరులు, బొర్రయ్య, లక్ష్మయ్య, ఆ పనికి ప్రాణం పోశారు. కరణాల దగ్గరున్న పాత కవిలెలు చూసి, ముసలివాళ్ళను అడిగి రాశారు. కడప కైఫీయత్తులను సి.పి. బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రం సంపుటాలుగా అచ్చువేసింది. వాటిలో ఊరు ఎవరు కట్టారో ఉంటుంది, చెరువు ఎవరు తవ్వించారో ఉంటుంది, దేవుడి మాన్యం ఎంతో గుంటలతో సహా ఉంటుంది. రాజుల కాలాలు మాత్రం చాలాచోట్ల తారుమారు. పురాణం వచ్చి చరిత్రలో కలిసిపోతుంది. వాటిని శాసనాలతో పోల్చి, ఇది నిలుస్తుంది ఇది నిలవదు అని చెప్పగలవాళ్ళు కావాలి. మల్లంపల్లి సోమశేఖరశర్మగారు కళాశాల పట్టా లేకుండానే ఆ పనిలో ఎవరికీ తీసిపోని పండితులయ్యారు. రెడ్డిరాజ్యాల మీద ఆయన రాసిన చరిత్ర చదివితే, ఒక్క శాసనంలోని ఒక్క పేరు కోసం ఎంత తిరిగారో తెలుస్తుంది.

ఇక మా ఖాతాలోని ఆ ముగ్గురు ఆడవాళ్ళ సంగతి. డిగ్బీ సంపుటాల్లో వాళ్ళ పేర్లు దొరకవు. కైఫీయత్తుల్లో దొరకవు, అవి అంతకు ముందువి. వంశరాజు పెద్దాయన పాటలో మగవాళ్ళ పేర్లే. నాకు తెలిసిన దారులన్నీ అక్కడితో ఆగిపోయాయి.

2006లో మా అత్తగారికి చూపు బాగా తగ్గింది. శుక్లాల ఆపరేషను అయ్యేదాకా సాయంత్రాలు నేను ఆమెకు పుస్తకం చదివి వినిపించేదాన్ని. బీరువాలోంచి పథేర్ పాంచాలి తీశాను. బెంగాల్లో ఒక పల్లె, బీద బ్రాహ్మల ఇల్లు. ఆ ఇంట్లో దూరపు బంధువు, ముసలి ఇందిర్ ఠాక్రూన్ ఉంటుంది. ఇంటి కోడలికి ఆమె పొడ గిట్టదు. చిన్నపిల్ల దుర్గకు మాత్రం ఆమె అంటే ప్రాణం. చినిగిన చీర, చిన్న మూట, ఎవరింటికో వెళ్ళడం, మళ్ళీ రావడం. ఆఖరికి దిక్కులేకుండా పోతుంది. అత్తగారు శెనక్కాయలు ఒలుస్తూ వింటున్నారు. ముసలమ్మ పోయిన చోటికి వచ్చేసరికి చేతులు ఆగిపోయాయి. కాయల చప్పుడు లేదు. నేనూ ఆపేశాను.

"మా ఇంట్లో ఉన్న్యది గూడ ఇట్లనే మూట పెట్టుకొని ఉన్న్యది" అన్నారు.

"ఎవరత్తమ్మా?"

"మీ మామ జేజి. నేను కాపరానికొచ్చేటప్పటికి ఇంకా ఉన్న్యది. రెండేండ్లు నేనే సాకితిని. కూటికాడ కూచుంటే కంచంలో మెతుకు మిగలనీదు. నాది గూడ తీసుకొని తినేది. నేను చిన్నదాన్ని గదా, కోపమొచ్చేది. ఒకరోజు అడిగితి, ఏమవ్వా ఇంత ఆశ అని. అప్పుడు చెప్పె."

ఖాతాలో "మా అమ్మ పుట్టింట" అని ఉందే, ఆ అమ్మ ఈవిడే. కరువునాటికి ఆరేడేళ్ళ పిల్ల. ఇంట్లో ఒక్కొక్కరే పోతుంటే మేనత్త వచ్చి ఈ ఒక్క పిల్లను చంకనేసుకుని నడిచి పోయిందట. ఇద్దరు చెల్లెళ్ళు. ఇద్దరికీ ఊరి అమ్మవారి పేరే పెట్టారు, ఒకరు పెద్ద, ఒకరు చిన్న. పేర్లు రెండూ అత్తగారు చెప్పారు. ఇక్కడ చెప్పను, అవి మా ఇంట్లోనే ఉంటాయి. చిన్నది అక్క ఒళ్ళోనే పోయిందట.

ఆ సంగతి అరవై ఏళ్ళు మా అత్తగారి మనసులో ఉంది. నేను ఆ ఇంటికి వచ్చి అప్పటికే ఇరవై తొమ్మిదేళ్ళు. ఎన్నోసార్లు ఆ ఖాతా గురించి మామగారూ నేనూ ఆమె ముందే మాట్లాడుకున్నాం. ఎప్పుడూ చెప్పలేదు. ఎందుకు చెప్పలేదత్తమ్మా అని అడిగితే, "మీరు లెక్కలు చూసుకుంటాంటిరి, నన్నెవురడిగిరి?" అన్నారు. "రాసినాయనకు తెలీకనా అమ్మీ? సొంత పినమ్మలు. ఆడోళ్ళ పేర్లు రాయాల్సిన పని లేదనుకున్న్యాడు, అంతే."

నేను చరిత్ర గ్రంథంతో వెళ్ళి అడిగి ఉంటే ఆమె నోరు విప్పేది కాదని నాకు గట్టి నమ్మకం. ఎవరో బెంగాలీ రచయిత 1920లలో రాసుకున్న ముసలమ్మ, మా కడప ముసలమ్మను బయటికి తెచ్చింది. ఆ నవలను నేను సాహిత్యం నంబరు కింద ఎన్నో ప్రతులు ఎక్కించి ఉంటాను. మా ఇంట్లో అది చరిత్ర పని చేసింది.

అప్పటి నుంచీ కనిపించిన వాళ్ళందరికీ ఒకటే చెబుతున్నాను. ఇంట్లో పెద్దవాళ్ళుంటే, మన వంశచరిత్ర చెప్పండి అని ఎదురుగా కూర్చోకండి. అలా అడిగితే ఊళ్ళూ, పదవులూ, ఎకరాలూ చెప్తారు. చేతికేదైనా పని పెట్టి, చింతపండు గింజ తీస్తూనో, చిక్కుళ్ళు ఒలుస్తూనో, ఒక కథ చదివి వినిపించండి. ఆ తర్వాత ఊరుకోండి. వాళ్ళు చెప్పింది వాళ్ళ మాటల్లోనే రాయండి, మన పుస్తకాల భాషలోకి మార్చకండి. ఆడవాళ్ళ పుట్టింటి పేర్లు తప్పక అడగండి, మగవాళ్ళ పేర్లు ఎలాగూ పాసుపుస్తకాల్లో ఉంటాయి. సంవత్సరం తెలియకపోతే ఆ ఏడు ఏం జరిగిందో అడగండి. తుఫాను వచ్చిన ఏడా, రైలు వచ్చిన ఏడా, రజాకార్ల గొడవల ఏడా. ఆ తర్వాత చరిత్ర పుస్తకం తీసి సరిచూసుకోండి. సెల్‌ఫోనులో గొంతు రికార్డు చేయండి, కానీ కాగితం మీద కూడా రాయండి. ఫోన్లు మారిపోతాయి. మా మామగారి నాయన సిరా మాత్రం ఇప్పటికీ చదవడానికి వస్తోంది.

ఆ రాత్రి ఖాతా తీశాను. "ఆడవాండ్లు ముగ్గురు" అన్న మాట కింద ఖాళీ ఉంది. అత్తగారిని పక్కన కూర్చోబెట్టుకుని, ఆమె చెబుతుండగా పెద్దదాని పేరు, దాని కింద చిన్నదాని పేరు రాశాను. అదే గొలుసుకట్టులో రాయాలని చూశాను, నా చేతికి రాలేదు. మామూలుగానే రాశాను.

"మూడో ఆమె ఎవరత్తమ్మా?"

"ఆ యవ్వ వాళ్ళమ్మ."

"పేరు?"

అత్తగారు చాలాసేపు ఆలోచించారు. "ఆ యవ్వకే తెలీదంట. ఆరేండ్ల బిడ్డ, తల్లిని పేరు పెట్టి పిల్చిందా ఏమన్నానా? మేనత్త ఎప్పుడూ వదినె వదినె అనేదంట. అమ్మ అనే రాయి."

అమ్మ అని రాశాను.